పిల్లియడుగులు: ‘పుస్సీఫుట్’ అను ఆంగ్లపదము, దాని అర్థచరిత్ర

మేము పరిశోధక విద్యార్థిగా నున్న దినములలో మద్యనిషేధోద్యమమునకు సంబంధించిన గ్రంథముల పట్టిక యొకటి సిద్ధపరచుచుంటిమి. అందు 1922లో మదరాసు గణేశ్ అండ్ కంపెనీవారు ప్రకటించిన ఆంగ్లగ్రంథ మొకటి కానవచ్చినది. తారిణీప్రసాద సిన్హా రచన. ‘పుస్సీఫుట్ జాన్సను, హిందూస్థానమున ఆతని ఉద్యమము’ అని దాని పేరునకు తెలుగు చెప్పవచ్చును. గ్రంథము చేతికి రాకమునుపే చీటీ వ్రాసికొనుట ఆనాటి మా అలవాటు. చేతనున్న నిఘంటువు తెరచి చూచితిమి. ‘తన అభిప్రాయమును స్పష్టముగా చెప్పక తప్పించుకొనుట’ అని ఆ పదమునకు అర్థము కనబడినది. వెంటనే చీటీమీద ‘ఎటూ తేల్చని జాన్సను’ అని వ్రాసి, ప్రక్కన ‘నిషేధవాదులలో మెత్తనివారిపై విమర్శ కాబోలు’ అని టిప్పణి కూడ చేర్చితిమి. వ్రాసినది పూర్తిగా తప్పు. ఆ జాన్సను మెత్తనివాడు కాడు; ఎటూ తేల్చనివాడు అంతకంటెను కాడు. మద్యమును కూకటివ్రేళ్ళతో పెల్లగింపవలెనని ప్రపంచమంతయు తిరిగిన పట్టుదల గల మనిషి. ఆ పేరు ఆతనికి వచ్చినది నడకవలన.

ఒక్క చీటీ తప్పైన నష్టము స్వల్పమే. కాని 1920 ప్రాంతపు ఆంగ్లపత్రికలను ఆధారముగా గొని మన ప్రాంతీయ చరిత్రను వ్రాయు విద్యార్థులు నేడు పెక్కుమంది కలరు. ఆ పత్రికలలో ఈ పదము తగిలినచో, నేటి అర్థముతో చదివినవారికి ఎవరు ఏ పక్షమున నిలిచిరో తలక్రిందుగా తోచును. కావున ఈ పదము ఎట్లు పుట్టినది, ఎప్పుడెప్పుడు ఏయే అర్థములను పొందినది, మన దేశమునకు వచ్చియు తెలుగున ఏల నిలువలేదు అను విషయములను విచారింపదలచితిమి. 

ముందుగా దీని తోడిపదములను గూర్చి కొంత చెప్పవలసియున్నది. చప్పుడు కాకుండ నడచుటను దెలుపు క్రియలు ఆంగ్లమున పెక్కులు. టిప్‌టో, క్రీప్, స్నీక్, స్లింక్, ప్యాడ్ అనునవి అందు కొన్ని. దొంగిలించుట యను అర్థము గల ‘స్టీల్’ అను క్రియకే సద్దులేక కదలుట యను అర్థము కూడ కలదు. వీనిలో ‘టిప్‌టో’ చరిత్ర చమత్కారమైనది. కాలివ్రేళ్ళ కొనలు అని దాని అవయవార్థము. పదునాలుగవ శతాబ్దికి చెందిన చాసరు కవి తన కోడిపుంజు కథలో ఈ మాటను వాడెను. అక్కడ మునికాళ్ళపై నిలిచినది కోడిపుంజు తండ్రి. నిలిచినది మెడ సాచి గొంతెత్తి కూయుటకు! షేక్స్పియరు ‘ఐదవ హెన్రీ’ నాటకమున మునికాళ్ళపై నిలుచుట గర్వమునకు చిహ్నము. ఈ మాటకు మొదట నిశ్శబ్దముతో పనిలేదు, ఎత్తుతోనే పని. నిద్రించువారికి మెలకువ రాకుండ నడచుట యను అర్థము తరువాత ప్రబలినది.

మన ‘మునికాళ్ళు’ అను మాటయు ఎత్తునకు సంబంధించినదే. ‘ముని’ అనగా ఇక్కడ కొన, ముందుభాగము. మునివ్రేళ్ళు, మునిపన్ను అను పదములందున్నది అదియే. ఉట్టిమీది కుండ అందుకొనుటకు, గోడ కావలి వింత చూచుటకు మునికాళ్ళపై నిలుతుము. కావున ‘టిప్‌టో’ను తెలిగించుట అనువాదకునకు కష్టము కాదు. రెండు భాషలును ఒకే అవయవమును పట్టుకొని ఒకే దారిన నడచినవి. చిక్కంతయు ‘పుస్సీఫుట్’తోనే.

తెలుగున నిశ్శబ్దపు నడకను తెలుపుటకు ప్రత్యేకమైన క్రియలు తక్కువ. నక్కుట, పొంచుట అనునవి కలవు గాని వానికి ప్రధానార్థము దాగుట, వేచియుండుట. నడచుట కాదు. మనము ‘నక్కి నక్కి పోయెను’ అని క్రియను జంటచేసి, ముందు కూర్చి చెప్పవలసినదే. ఇట్టి భేదమును లెనర్డ్ టాల్మీ అను అమెరికా భాషాశాస్త్రవేత్త విపులముగా చర్చించెను: కొన్ని భాషలు కదలికయొక్క తీరును క్రియలోనే ఇముడ్చును, కొన్ని దానిని క్రియకు వెలుపల విశేషణముగా ఉంచును. తెలుగు చాలవరకు ఈ రెండవ తెగకు చెందినది. అయిననేమి, అడుగుల చప్పుడునకు మనకున్నన్ని పేర్లు అందరికిని లేవు. సడి, సద్దు, సవ్వడి, అలికిడి, చప్పుడు అను వీనిలో దేనినైనను తీసికొని ‘లేకుండ’ అని చేర్చిన చాలును. ఆంగ్లము నడకకు పేరు పెట్టినది. మనము చప్పుడునకు పేరు పెట్టి దానిని కాదంటిమి.

మా ముస్తాబాదు ప్రాంతమున ఈ మాటలు ఇంకొక రంగు దేరియున్నవి. ఊరిపేరి చివర పారసీకపు ‘ఆబాద్’ ఉన్నట్లే ఊరివారి నోట ఉర్దూపదములును కలసియున్నవి. ‘సప్పుడు గాకుంట వచ్చిండు’, ‘గప్‌చుప్‌గ పోయిండు’, ‘పిల్లి లెక్క వచ్చిండు’ అను మూడును జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్లల వైపు నిత్యము వినవచ్చును. ఉర్దూలో ‘దబే పాఁవ్’ అను పలుకుబడి కలదు. అణచిన పాదములతో అని దాని అర్థము. మన ‘అడుగులో అడుగు వేయుట’ మెల్లదనమును తెలుపును గాని నిశ్శబ్దమును నియతముగా తెలుపదు. ఈ రెండింటిని కలిపివేయరాదు. (సిరిసిల్ల మరమగ్గముల మోతలో పుట్టి పెరిగినవారికి అడుగుల చప్పుడు పదము లిన్ని ఏల యని సందేహము కలిగిన కలుగవచ్చును.)

నిశ్శబ్దముగా నడచువానిని మన పల్లెలు మెచ్చుకొనవు. ఇంటి పెద్ద లోగిలిలోనికి వచ్చునపుడు దగ్గియో గొంతు సవరించుకొనియో రావలెను. లోపలి ఆడువారు సర్దుకొనుటకు అది సూచన. అలికిడి లేక వచ్చినవాడు దొంగయైనను కావలెను, మర్యాద తెలియనివాడైనను కావలెను. ‘దొంగయడుగులు’ అను పలుకుబడి ఇందుకు సాక్షి. మన వాఙ్మయమున నిశ్శబ్దగమనమునకు గౌరవస్థానము దొరకినది, మా యెరుకలో, అభిసారికయొద్దనే. సాహిత్యదర్పణకారుడైన విశ్వనాథుడు కులస్త్రీయైన అభిసారిక అవయవములు ముడుచుకొని, ఆభరణములను మ్రోగనీయక, మేలిముసుగుతో పోవుననియు, వేశ్య అందెలు మ్రోయగా పోవుననియు భేదము చెప్పెను. అక్కడ సడిలేమి కులమర్యాదకు గుర్తు. వాకిటియందు సడిచేయుట మర్యాద, సంకేతస్థలమునకు పోవుచు సడిచేయకుండుట మర్యాద!

ఇక పిల్లి. తెలుగు సామెతలలో పిల్లి మూడు తావుల మూడు విధములుగా నిలిచినది. పిల్లియడుగులు వేయువాడు చప్పుడులేక వచ్చువాడు. గోడమీది పిల్లి ఏ వైపు దుముకునో తెలియనిది. అవకాశమును బట్టి పక్షము నిర్ణయించుకొనువానికి అది పోలిక. కాలు గాలిన పిల్లి ఒకచోట నిలువలేక తిరుగునది. గోడమీది పిల్లి అరవమునను కలదు. వారు ‘మదిల్ మేల్ పూనై’ అందురు. ఈ మూడు పిల్లులును మన భాషలో ఒకదానితో నొకటి కలియవు. మొదటిది నడకను, రెండవది బుద్ధిని, మూడవది ఆతురతను తెలుపును. ఆంగ్లమున మొదటి రెండింటిని పోలిన అర్థములు ఒక్క పదమున చేరినవి. అదియే ‘పుస్సీఫుట్’.

‘పుస్’, ‘పుస్సీ’ అనునవి ఆంగ్లమున పిల్లిని ముద్దుగా పిలుచు మాటలు. ‘ఫుట్’ అనగా పాదము. పిల్లిపాదము వంటి పాదము గల అను అర్థమున విశేషణముగా ఈ సమాసము 1890ల నాటి అమెరికా రచనలలో కనబడుచున్నది. క్రియగా వాడుక ఇరువదవ శతాబ్ది తొలియేండ్లది. బ్రౌను దొర తన నిఘంటువులను 1850ల తొలినాళ్ళలో ముద్రింపించెను. అంతకు ముందు క్యాంబెల్ నిఘంటువు 1821లో వచ్చెను. ఆ మహానుభావులు ఈ మాటను వదలివేసిరని ఎవరైనను అనుకొందురేమో, వారినాటికిది పుట్టనేలేదు. కావున మన తొలి ద్విభాషానిఘంటువుల సంప్రదాయమున దీనికి స్థిరపడిన తెలుగుమాట ఏర్పడలేదు. అప్పటి అమెరికాలో రబ్బరు అడుగుల చెప్పులు కొత్తవి. వానివలన కూడ ఇట్టి మాటలు పుట్టినవి. ‘గమ్‌షూ’ యనగా రబ్బరు చెప్పు. అది అపరాధపరిశోధకునకు పేరయ్యెను. నేడు మన పిల్లలు వాడుచున్న ‘స్నీకర్లు’ అను బూట్ల పేరును చప్పుడులేని నడకనుండి వచ్చినదే.

ఈ మాటకు మనిషి దొరకినది అంతలోనే. విలియం యూజీన్ జాన్సను న్యూయార్కు రాష్ట్రమున 1862లో జన్మించి, పత్రికారచయితగా జీవించి, మద్యనిషేధోద్యమమున చేరినవాడు. 1906లో అధ్యక్షుడు థియొడోర్ రూజ్వెల్టు కాలమున ఇండియన్ టెరిటరీ యను ప్రాంతమునకు ప్రత్యేకాధికారిగా పంపబడెను. ఈ పేరు చూచి మన పాఠకులు భ్రమపడరాదు; అది అమెరికా ఆదివాసుల ప్రాంతము, 1907లో ఓక్లహోమా రాష్ట్రమున చేరినది. అక్కడ మద్యవిక్రయము చట్టవిరుద్ధము, అయినను విచ్చలవిడిగా సాగుచుండెను. జాన్సను రాత్రివేళ, చప్పుడు కాకుండ, ఎవ్వరు ననుకొనని చోట ప్రత్యక్షమై సీసాలు పగులగొట్టి, అమ్మువారిని పట్టుకొనుచుండెను. 1911లో ఉద్యోగము విడుచునాటికి 4,400కు మించి శిక్షలు వేయించెనని చెప్పుదురు. ఈ పిల్లినడకకు గాను వచ్చిన బిరుదమే ‘పుస్సీఫుట్’. పెట్టినవారు మెచ్చియే పెట్టిరో తిట్టియే పెట్టిరో గాని, ఆతడు దానిని సంతోషముతో ధరించెను.

అమెరికా రాజకీయభాషలో సరిగా ఆ యేండ్లలోనే ఈ క్రియకు వేరొక అర్థమును ఏర్పడుచుండెను. చప్పుడు కాకుండ నడచువాడు తన జాడ తెలియనీయడు. మాటలలోను అట్లే జాడ తెలియనీయక తప్పించుకొను నాయకుని గూర్చి ‘పుస్సీఫుట్ చేయుచున్నాడు’ అనసాగిరి. ఈ అర్థమును జాన్సనునుండి వచ్చినదిగా కొందరు భావింతురు. అది సరికాదు. రెండును ఒకే పిల్లినుండి వేరు వేరుగా పుట్టినవి. ఒకటి వ్యక్తికి అంటుకొనినది, రెండవది రాజకీయ దూషణగా మిగిలినది.

మూడవ మలుపు లండనులో. అమెరికాలో నిషేధమునకై రాజ్యాంగసవరణ సిద్ధించినంత, జాన్సను ఆ మతమును ఆంగ్లదేశమున ప్రచారము చేయబోయెను. 1919 నవంబరులో ఎసెక్స్ హాలున జరిగిన సభపై వైద్యవిద్యార్థులు మూకగా వచ్చిపడి, ఆతనిని పట్టుకొని వీథుల వెంబడి ఊరేగించిరి. ఎవడో విసరిన వస్తువు తగిలి ఆతనికి ఒక కన్ను పోయెను. ఆతడు ఆ విద్యార్థులపై కోపము చూపక నవ్వుచునే మాటలాడెనట. ఆ నిబ్బరమును చూచి ఆంగ్లేయులు, మద్యమును విడువనివారు సైతము, ఆతనిని మెచ్చుకొనిరి. ఆ తరువాత బ్రిటిషు ఆంగ్లమున ‘పుస్సీఫుట్’ అనగా మద్యనిషేధవాది; మద్యము త్రాగనివాడు అనియు అర్థము. మద్యము కలుపని పండ్లరసపు పానీయమునకును ఈ పేరు పెట్టిరి. అది నేటికిని ఆ పేరుతోనే చెలామణి యగుచున్నది.

నిషేధము అమెరికాలో 1920 జనవరినుండి అమలై 1933 డిసెంబరులో రద్దైనది. దానితోపాటు ‘నిషేధవాది’ యను అర్థమును క్షీణించినది. జాన్సను 1945లో మరణించెను. నేడు మిగిలినది తప్పించుకొను మాటతీరు ఒక్కటే. మా చేతి నిఘంటువు ఆ మిగిలినదానిని మాత్రమే చూపినది. ఆతని జీవితములో ఇంకొక వైపరీత్యము కలదు. నిషేధమును సాధించుటకై తాను అబద్ధములాడితిననియు, లంచములిచ్చితిననియు, మద్యము సైతము త్రాగితిననియు 1926లో ‘కాస్మొపాలిటన్’ అను అమెరికా మాసపత్రికలో ఆతడే వెల్లడించెను. నిజము చెప్పుటయందు ఈ పుస్సీఫుట్టు పుస్సీఫుట్టు కాడు!

ఆతడు మన దేశమునకు వచ్చినది 1921లో. అది సహాయనిరాకరణోద్యమము ఉప్పొంగుచున్న సంవత్సరము. ఆ మార్చి చివర అఖిలభారత కాంగ్రెసు సంఘము బెజవాడలో సమావేశమైనది. తెలుగు జిల్లాలలో కల్లుదుకాణముల వేలములను బహిష్కరించుట, దుకాణముల ముందు నిలిచి త్రాగుబోతులను బ్రతిమాలుట సాగుచున్నవి. అట్టి వేళ విదేశమునుండి నిషేధప్రచారకుడు వచ్చుట ప్రభుత్వమునకు ఇబ్బంది, జాతీయవాదులకు ఉత్సాహకారణము. మరునాటి సంవత్సరము మదరాసున ఆ గ్రంథము వెలువడుటకు ఇదియే నేపథ్యము. గ్రంథనామమున ‘పుస్సీఫుట్’ అనునది గౌరవముతో వాడిన బిరుదము. దానిని ఎగతాళిగా గాని విమర్శగా గాని చదివినవాడు (మావలె) ఆ గ్రంథము నిలిచిన పక్షమునే తారుమారు చేసినవాడగును.

మరి తెలుగున ఈ పదము ఏల నాటుకొనలేదు? ఒకటి, ‘పిల్లియడుగులు’ మనకు ముందే ఉన్నది, అరువు తెచ్చుకొనుట అవసరము లేదు. కాని ముఖ్యకారణము వేరని మా అభిప్రాయము. మన నిషేధోద్యమము ఎన్నడును పిల్లివలె నడువలేదు. అది చప్పుడుతోనే వచ్చెను. 1921లో వేలముల బహిష్కారము బహిరంగమున జరిగినది. రాజాజీ మంత్రివర్గము 1937 అక్టోబరు 1న సేలములో ఆరంభించిన నిషేధము మరుసటి యేడు చిత్తూరు, కడప జిల్లాలకు శాసనముగా వచ్చినది. ఆంధ్రరాష్ట్రమున టంగుటూరి ప్రకాశం మంత్రివర్గము 1954 నవంబరులో పడిపోయినది నిషేధమును గూర్చిన వివాదముపైననే. అది శాసనసభలో అందరు వినగా జరిగినది. నెల్లూరు జిల్లా దూబగుంట స్త్రీలు అక్షరాస్యతా వాచకముల చలువతో మేలుకొని 1992లో సారాపై లేచినపుడు వారి నడక వీథులు దద్దరిల్లునదిగా నుండెను. 1993 అక్టోబరు 1న సారానిషేధము, 1995 జనవరి 16న సంపూర్ణనిషేధము వచ్చినవి. ఆ రెండవది 1997లో సడలింపబడినది. ఇన్నింటిలోను రాత్రివేళ చప్పుడులేక నడచిన వీరుడు ఒక్కడును లేడు. వీరుడు లేనిచోట బిరుదము నిలువదు.

నైజాము పాలనలోనుండిన మా ప్రాంతపు చరిత్ర వేరు. అక్కడ జాన్సను వంటివాని పని చేయుచుండినది ‘ఆబ్కారీ’. పారసీకమున ఆబ్ అనగా నీరు, కారీ అనగా పని. మద్యపానీయముల తయారీ, దానిపై పన్ను అను అర్థమున రూఢమైనది. హైదరాబాదు ఆబ్కారీ చట్టము 1316 ఫసలీ, అనగా క్రీస్తుశకము 1906-07 ప్రాంతముది. జాన్సను అమెరికాలో పనిలో చేరినది కూడ ఇంచుమించు అప్పుడే. కాని ఉద్దేశములలో హస్తిమశకాంతరము. అక్కడి అధికారి మద్యమును లేకుండ చేయుటకు రాత్రులు తిరిగెను. ఇక్కడి ఆబ్కారీ సిబ్బంది పన్ను కట్టని మద్యమును పట్టుకొనుటకు తిరిగిరి. సర్కారునకు ఆదాయము ముఖ్యము. 1956లో ఆంధ్రప్రదేశము ఏర్పడునాటికి ఆంధ్రప్రాంతమున నిషేధము అమలులోనుండగా తెలంగాణమున లేకుండుట కూడ ఈ చరిత్రఫలమే. ఆ చట్టము స్థానమున 1968 నాటి రాష్ట్రచట్టము వచ్చినది గాని, ఊళ్ళలో ‘ఆబ్కారోళ్ళు’ అను మాట మాత్రము పోలేదు. పన్ను కొరకు పిల్లియడుగులు వేసినవానికి ఏ ప్రజయు ముద్దుపేరు పెట్టదు.

నిఘంటుకర్తలకును అనువాదకులకును పనికివచ్చు మాట యొకటి చెప్పవలసియున్నది. ‘పుస్సీఫుట్’ క్రియ నడకను గూర్చినదైనచో ‘పిల్లియడుగులు వేయు’ అనుట చాలును. 1919కి తరువాతి బ్రిటిషు రచనలలోను, ఆ కాలపు భారతీయాంగ్ల పత్రికలలోను, మనిషిని గూర్చియో ఉద్యమమును గూర్చియో వచ్చినచో ‘మద్యనిషేధవాది’ యను అర్థము ముందుగా పరిశీలింపవలెను. మాటతీరును గూర్చినదైనచో చాలమంది ‘గోడమీది పిల్లి వాటము’ అని వ్రాయుచున్నారు. పిల్లికి పిల్లి సరిపోయినదని సంతోషము కాబోలు! మేమును కొంతకాలము అట్లే వ్రాసితిమి. అది తగదు. గోడమీది పిల్లికి తన పక్షమేదో ఇంకను నిర్ణయము కాలేదు. నిర్ణయించుకొనుటకు అవకాశము చూచుచున్నది. పుస్సీఫుట్ చేయువానికి తన మనసు తెలియును, పైకి చెప్పుటకు జంకుచున్నాడు. వానికి తెలుగున సరియైన మాట ‘నీళ్ళు నములుట’. అక్కడ పిల్లియు లేదు, పాదమును లేదు. అయినను అర్థము అదియే. ‘నాన్చుట’ కొన్నిచోట్ల సరిపడును గాని అందు కాలయాపన ప్రధానము.

పాత చీటీ ఇప్పటికిని మా పెట్టెలో నున్నది. ‘ఎటూ తేల్చని’ అనుదానిని కొట్టివేసి బిరుదమును ఉన్నదున్నట్లు తెలుగులిపిలో వ్రాసితిమి, ప్రక్కన ‘చప్పుడు లేక నడచి మద్యవిక్రేతలను పట్టుకొనినవాడు, మద్యనిషేధప్రచారకుడు, 1921లో భారతదేశమునకు వచ్చెను’ అని చేర్చితిమి. చీటీలో స్థలము చాలక వెనుకవైపు కూడ వ్రాయవలసివచ్చినది.